అందింపు

గంజి పురుషోత్తం మొకం
నాకు పెద్దగ ఎర్క లేదు.
ముప్పై ఒక్క ఏండ్లు
చండూరు చుట్టు ఏ ఊర్ల ఆట కట్టినా
నేను పక్క తెర సాటున, కందీలు దగ్గర పెట్టుకొని,
నూనె మరకల నోటుబుక్కు మోకాలు మీద.
నాకు కనవడేది ఆయన ఈపు.
మగ్గం గుంతల కూసొని కూసొని గట్టివడ్డ ఈపు.
రాజు వేషమైతే
మక్మల్ అంగీకి ఎనక అతుకు ఉంటుండె.
అది జనానికి కనవడదు. నాకే.

మాట మరిసిపొయ్యే ముందు
ఆయన ఎడమ మడిమె జెర లేస్తుండె.
జనం దాన్ని రాజసం అనుకునేది.
నేను అక్షరం ఒక్కటే అందిస్తుంటి.
"క" అంటే చాలు,
కందం మొత్తం ఎత్తుకపోయేటోడు
మునుగోడు దాక ఇనవడేటట్టు.
ఆటకు ఆయనకు పదిహేను రూపాలు, నాకు మూడు.
కందీల్ల నూనె నాదే.

ఆడ వేషం ఉన్ననాడు
పెండ్లాం ఈరలచ్చమ్మ చీరె కట్టేటోడు.
తెల్లారి ఆమె అది ఉతికి ఆరేసుకుంట
"నాకన్న నీ నడుముకే కుదిరింది, తాకట్టు నువ్వే పెట్టు పో" అంటుండె.

గట్టుప్పల్‌ల ఓసారి వాన.
పెట్రోమాక్సు ఆరింది. బుక్కు తడిసింది.
మడిమె లేసింది, నా దగ్గర అక్షరం లేదు.
చీకట్ల అట్లనే నిలవడ్డడు.
తర్వాత మెల్లగ, రాగం పెట్టి,
మా సాలోళ్ల నూలు లెక్క చదివిండు:
పడుగు ఇంత, పేక ఇంత,
సేటుకు బాకీ ఇంత.
ముసలోళ్లు ఏడ్సిండ్రు.
గది నాటకంల ఉన్నదా అని తెల్లారి నన్నడిగిండ్రు.
ఉన్నదన్న.

పట్నం నుంచి జీపు వచ్చింది ఓ ఎండకాలం,
సినిమాకు పాత మొకాలు కావాలెనట.
ఆ బొమ్మ నల్లగొండ టాకీసుల తొమ్మిది రోజులాడింది.
నేను నేల టికెట్టు, ముందు వరుస.
మొదటిసారి ఆయన నా ఎదురుంగ నిలవడ్డడు,
గోడంత మొకం.
ఎడమ కనుబొమ్మ మీద గాటు ఉన్నదని
నాకు గప్పుడే తెలిసింది.
ఊరి పెద్ద వేషం, రెండు సీన్లు.
నవ్వనీయలేదట.
మా బోరు నీళ్లు తాగిన పండ్లు, పసుపు గీతలు,
కెమెరకు పనికిరావన్నరట.
నోరు తెరిస్తే ఎవనిదో గొంతు,
కృష్ణకు ఆవలి గొంతు, మెత్తగ.
అలవాటు కొద్ది నేను పెదవులు కదిపిన.
దానికి నా అవసరం పడలేదు.

ఇప్పుడు ఆ ఈపు వంగింది.
నీళ్లల్ల ఇసం ఎముకలల్ల కూసున్నది.
మెడ తిరగదు,
ఎవరన్న పిలిస్తే మనిషంత తిరగాలె.
రాజులు గట్లనే తిరుగుతరు లే, అంటడు.

మొన్న కలెక్టరాఫీసుకు పోయినం, కళాకారుల పింఛనుకు.
టేబులెనక పిల్లగాడు, మంచోడే,
"ఏదన్న ఒక పద్యం పాడు పెద్దాయనా, రాసుకోవాలె" అన్నడు.
పురుషోత్తం లేసిండు. గోడ పట్టుకున్నడు.
మడిమె లేసింది...
లేవలేదు, లేసినట్టు నాకు తెలిసింది.
నేను బీరువ పక్కకు జరిగి
"క" అన్న.
మెడ తిప్పలేడు గద, మనిషంత తిరిగిండు
నా దిక్కు.
ఆఫీసుకు ఈపు పెట్టి
నన్ను జూస్కుంట పాడిండు.
సగం పద్యం వచ్చింది, సగం నూలు లెక్క.
పిల్లగాడు రెండు ఒకటే అనుకున్నడు.

కాయితం మీద గడులున్నయి:
పాడేటోడు, ఆడేటోడు, వాయించేటోడు, వేషం కట్టేటోడు.
"నువ్వేం జేస్తుంటివి తాతా?"
నాకు గడి లేదు.
పురుషోత్తం ఇంక నా దిక్కే జూస్తున్నడు.
కనుబొమ్మ మీది గాటు ఎగిరింది,
పసుపు పండ్లన్ని ఇప్పి నవ్విండు.
"రాస్కో సారూ, మొదటి అక్షరం."

పిల్లగాడు జెరసేపు ఆలోచించిండు.
కాయితం తిప్పి
ఎనక దిక్కు రాసిండు.